నెలకొకసారి మంచినూనె

మా యూనివర్సిటీ పేరు చెప్పను. చెబితే నాకు ఇంకో మెమో రాయడానికి ఇప్పటికీ చేతులు దురద పెట్టేవాళ్ళు అక్కడ ఉన్నారు. నల్లగొండ నుంచి దేవరకొండ వైపు పోతుంటే, బండరాళ్ళ గుట్టలు రోడ్డుకు రెండు పక్కలా దగ్గరికొచ్చే చోట ఎడమ చేతి వైపు ఒక కమాను కనిపిస్తుంది. అది దాటి లోపలికి పోతే ఆఫీసు భవనం, దాని ముందు ఎన్నిసార్లు నాటినా గడ్డి పెరగని గుండ్రటి జాగా. ఆ జాగా నడుమ పద్దెనిమిది అడుగుల ఉక్కు స్తంభం ఉంటుంది. స్తంభానికి ఏడు చేతులు, ప్రతి చేతి చివరా గరిటెల్లాంటి రేకులు రెండేసి. గాలి వస్తే ఆ చేతులు తిరుగుతాయి. ఒకటి కుడికి, ఒకటి ఎడమకు, ఒకటి జోరుగా, ఒకటి తీరిగ్గా. ఎప్పుడో ఒకసారి ఏడూ ఒకే వరసలోకి వచ్చి, ఊపిరి తీసుకున్నంతసేపు అట్లాగే ఉండి, మళ్ళీ దేని దారిన అది పోతుంది. ఆ ఒక్క క్షణం కోసం జనం మెడలు నొప్పి పుట్టేదాకా నిలబడేవాళ్ళు. నేనూ నిలబడ్డాను.

దాని కింద రాతిపలక మీద ‘జ్ఞానచక్రం’ అని చెక్కించారు. ఆ పేరుతో దాన్ని పిలిచిన మనిషిని నేను ఒక్కరిని కూడా చూడలేదు. స్టూడెంట్లు ‘ఫ్యాన్’ అనేవాళ్ళు. హాలియా బస్సు కండక్టర్ అయితే “ఫ్యాన్ కాలేజీ దిగేటోళ్ళు దిగుండ్రి” అని కేకేసేవాడు. పెద్ద సార్లకు ఈ సంగతి తెలిసి మనసు కష్టపెట్టుకున్నారని విన్నాను. మా కాక మాత్రం మొదటి రోజే దానికి ‘గాలిరాట్నం’ అని పేరు పెట్టాడు. నేనూ అదే అంటాను, పలక మీద ఏముంటే నాకేం.

నేను అక్కడ ఇంజినీరింగ్ సెక్షన్‌లో జూనియర్ అసిస్టెంటుని. తెలంగాణ వచ్చిన కొత్తలో దొరికిన నౌకరి. మాది నేత ఇల్లు. బడి నుంచి వచ్చి కండెలు చుడితేనే నాకు అన్నం పెట్టేవాళ్ళు. బాపు మగ్గం మీద, అమ్మ రాట్నం దగ్గర, వాళ్ళిద్దరి నడుమ తిట్లు తింటూ నేను. ఆ తిట్లన్నీ దాచిపెట్టుకుని పెద్దయ్యాక ఆఫీసులో పంచుతున్నానని మా ఆయన అంటాడు. మా అమ్మ నన్ను మిరపతొక్కు అనేది. సెక్షన్‌కు పని మీద వచ్చేవాళ్ళు ముందు అటెండర్ దగ్గర ఆగి “మేడం ఇయాల ఎట్లున్నది” అని కనుక్కుని లోపలికి వచ్చేవాళ్ళట. నేను దాన్ని గౌరవం అనుకునేదాన్ని.

కాక మా బాపు తమ్ముడేం కాదు. కాంట్రాక్టు మీద తోటపని చేసే మనిషి. యాభై ఎనిమిదేళ్ళు ఉంటాయి. ముప్పై ఏళ్ళు గుంట మగ్గంలో కాళ్ళు పెట్టుకుని కూర్చుని మోకాళ్ళు పోగొట్టుకున్నాడు. మా కులమే, మా ఊరి పక్క ఊరే. నన్ను చూసిన మొదటి రోజే బాపు పేరు చెప్పి “ఆయన బిడ్డవు గదా” అన్నాడు. అప్పటి నుంచి నలుగురిలో ‘మేడం’, ఎవరూ లేకపోతే ‘బిడ్డా’. ఏడో తరగతి దాకా చదివాడు. పొద్దున టీ తాగేటప్పుడు మిగతా తోటమాలులకు పేపర్ పైకి చదివి వినిపించేది ఆయనే. నోట్లో నాలుక లేని మనిషి అంటారు కదా, అట్లాంటి మనిషి. పేపర్ చదివేటప్పుడు మాత్రం గొంతు ఖంగుమనేది.

ఆ కాంట్రాక్టు పనితో ఆయనకు ఒక కార్డు వచ్చింది. ఆ కార్డు చూపిస్తే ఆయన భార్యకు దవాఖానలో షుగరు మందులు, సూదులు ఇచ్చేవాళ్ళు. ఆమె కాలికి ఒకసారి పుండు పడి వేలు తీసేశారు. “ఈ కార్డు రాకపోతే కాలే పోవు బిడ్డా” అని ఆయన నాకు చాలాసార్లు చెప్పాడు. ఆ కార్డుకు ప్లాస్టిక్ కవరు తొడిగి చొక్కా లోపలి జేబులో పెట్టుకునేవాడు.

ఒక చలికాలం గాలిరాట్నం నిలబెట్టడానికి శిల్పి వచ్చాడు. అరవై ఏళ్ళాయన, పుట్టి పెరిగింది విశాఖ సముద్రం ఒడ్డున. ఇద్దరు వెల్డర్లను వెంటబెట్టుకుని వచ్చి రెండు వారాలు గెస్ట్ హౌస్‌లో ఉన్నాడు. మా మెస్సులో పచ్చిపులుసు తాగి, గిన్నె పట్టుకుని వంటావిడ దగ్గరికి పోయి “ఇది మళ్ళీ ఎప్పుడు చేస్తారండీ” అని అడిగిన పెద్దమనిషి ఆయన ఒక్కడే. స్తంభం నిలబెట్టి ఏడు చేతులూ బిగించిన రోజు గాలి బాగానే ఉంది. ఆరు తిరిగాయి. మూడోది మాత్రం సగం తిరిగి వెనక్కి వస్తోంది. ఆయన, వెల్డర్లు, మా సెక్షన్ పెద్ద ఈఈ సార్ అంతా తలలు పైకెత్తి చూస్తున్నారు. కాక చెట్లకు నీళ్ళు పెడుతున్నవాడు పైపు పక్కన పడేసి వచ్చాడు.

“మూడో చెయ్యి ఒక దిక్కు బరువున్నది సారూ. ఎడమ గరిటె కాడ జర తియ్యాలె.”

ఈఈ సార్ మొహం చిట్లించాడు. శిల్పి మాత్రం “మీకెట్లా తెలిసిందండీ” అని అడిగాడు.

“రాట్నం ఒక దిక్కు బరువుంటె పోగు తెగుతది సారూ. ముప్పై ఏండ్లు సూసినం గద.”

ఎడమ గరిటె దించి, అంచు ఆకురాయితో గీసి మళ్ళీ బిగించారు. మూడో చెయ్యి తిరిగింది. శిల్పి కాక భుజం మీద చెయ్యి వేశాడు. కాక సిగ్గుపడి పైపు దగ్గరికి పోయాడు, కానీ సాయంత్రం దాకా అటే చూస్తూ ఒకే చెట్టుకు నీళ్ళు పెట్టాడు. పాపం ఆ చెట్టు మునిగిపోయింది.

వెళ్ళే ముందు రోజు శిల్పి నా టేబుల్ దగ్గర కూర్చుని జాగ్రత్తలు చెప్పాడు. నేను రిజిస్టర్‌లో రాసుకున్నాను. ఎవరూ చేతులు పట్టుకుని వేలాడకూడదు. పెద్ద గాలివాన వచ్చే సూచన ఉంటే తాడుతో కట్టెయ్యాలి. అట్లా చెబుతూ పోయి చివర అన్నాడు.

“నెలకోసారి ఏడు కీళ్ళకీ మంచి నూనె వెయ్యాలండి. అదొక్కటి మర్చిపోకండి. నూనె లేకపోతే ఇది కదలదు.”

రాశాను. ఇక్కడ ఒక సంగతి చెప్పాలి. మా ఇళ్ళలో మంచినూనె అంటే ఒకటే. పల్లీలు గానుగ పట్టించి తెచ్చుకునే నూనె, కూరల్లో పోసేది. దీపానికి ఆముదం, పొయ్యి రాజెయ్యడానికి గ్యాసునూనె, తినడానికి మంచినూనె. నాకు మాటలు వచ్చినప్పటి నుంచి అది ఒక్క మాట, రెండు కాదు. శిల్పి ఇంట్లో దాన్ని వంటనూనె అంటారట. ఆయన చెప్పింది నాణ్యమైన నూనె గురించి. నా చెయ్యి దానంతట అది కలిపి రాసేసింది. ‘ఏడు కీళ్ళకూ నెలకొకసారి మంచినూనె పోయాలి.’ రెండు మాటల నడుమ సందు లేదు. ఆయన సంతకం పెట్టి వెళ్ళిపోయాడు.

మర్నాడు కాకను పిలిచి ఈ పని నీదే అని చెప్పాను. ఆ రోజు హాస్టల్ నీళ్ళ ట్యాంకు పగిలింది. మా సెక్షన్ ముందు పిల్లలు బకెట్లు వాయిస్తూ ధర్నా చేస్తున్నారు. ఫోన్ మోగుతూనే ఉంది. కాక నా టేబుల్ ముందు నిలబడి తువ్వాల చేతుల్లో నలుపుకుంటూ అడిగాడు.

“మంచినూనేనా బిడ్డా? ఇంకేమన్ననా?”

నేను ఒంటికాలి మీద లేచాను.

“సదువుకున్నవు గద కాకా. రిజిస్టర్ల ఏమున్నదో సూస్కో. ఒక్క మాట పదిసార్లు అడుగుతవేంది? నన్ను జర పని జేస్కోనియ్యవా?”

ఆయన అడిగింది ఒక్కసారే. కళ్ళజోడు పెట్టుకుని, రిజిస్టర్‌లో ఆ లైను మీద వేలు పెట్టి పెదాలు కదుపుతూ చదివాడు. “మంచినూనె” అని తనలో తాను అనుకుని వెళ్ళిపోయాడు. నేను ఫోన్ ఎత్తాను.

ఆ తర్వాత నెలలన్నీ నాకు ముద్దుగా గుర్తున్నాయి, ఆ గుర్తే ఇప్పుడు గుచ్చుతుంది. ప్రతి పున్నమి రోజు పొద్దున్నే కాక నిచ్చెన వేసేవాడు. మోకాళ్ళు నొస్తున్నా ఒక్కో మెట్టు మీద ఆగి ఆగి ఎక్కేవాడు. చొక్కా జేబులోంచి చిన్న దగ్గుమందు సీసా తీసి, ఒక్కో కీలు దగ్గర ఉన్న రంధ్రంలో బొట్టు బొట్టుగా పోసి, పాత ధోవతి గుడ్డతో తుడిచి దిగేవాడు. నా కిటికీలోంచి అంతా కనిపించేది. ఆ సీసాలో ఏముందని నేను ఒక్కసారీ అడగలేదు. స్టోర్ నుంచి తీసుకుంటున్నాడు కాబోలు అనుకున్నాను. నిజానికి అనుకోను కూడా అనుకోలేదు, నా చూపు అక్కడిదాకే పోయింది.

మధ్యాహ్నం అన్నాలప్పుడు గాలిరాట్నం కింద బెంచీ మీద కూర్చునేవాళ్ళం. ఆయన భార్య సర్వపిండి చేసి పంపేది, నాకు ఒక ముక్క వేరే కాగితంలో చుట్టి. కాక నాకు రోజూ దాని బాగోగులు చెప్పేవాడు. “ఇయాల రెండోది మబ్బుగున్నది.” “అయిదోదానికి ఉషారెక్కువ, పిల్లలు సూస్తున్నరని.” “మూడోది అలిగింది బిడ్డా, నిన్న నేను దాని దిక్కు సూడలేదు.” నేను నవ్వేదాన్ని. ఇంట్లో కూడా అంత నవ్వేదాన్ని కాదు. ఒకసారి యాదగిరిగుట్టకు పోయే జీపు ఆగి, అందులోంచి ఒక అవ్వ దిగి వచ్చి స్తంభానికి కుంకుమ పెట్టి దండం పెట్టుకుంది. ఇది దేవుడు కాదమ్మా అని గార్డు అంటే “తిరుగుతాంది గద” అంది. కాక ఆ కుంకుమ బొట్టును వారం రోజులు తుడవనివ్వలేదు.

ఎండలు ముదిరేసరికి చేతులు నెమ్మదించాయి. గాలి లేదు కదా అనుకున్నాం. స్తంభం మీద చీమల బారు కనిపించింది. ఎండాకాలం చీమలు ఎక్కడ లేవు అనుకున్నాను. వానలకు ముందు మృగశిర గాలులు మొదలయ్యాయి. హాస్టల్ మీద ఆరేసిన దుప్పట్లు ఎగిరి గేటు దాకా వస్తున్నాయి, ఆఫీసు తలుపులు టపటపా కొట్టుకుంటున్నాయి. గాలిరాట్నం మాత్రం ఏడు చేతులూ చాపి కదలకుండా నిలబడింది. కాక దాని కింద నిలబడి పైకి చూస్తున్నాడు. ఇంట్లో మనిషికి జ్వరమొచ్చినట్టు ఆయన మొహం వాడిపోయింది.

ఇంకో పది రోజుల్లో పై నుంచి తనిఖీ బృందం రావాలి. వాళ్ళకు చూపించే కరపత్రం మీద అట్టబొమ్మ ఇదే. ఈఈ సార్ తల ప్రాణం తోకకొచ్చింది. శిల్పికి ఫోన్ చేసి మీ డిజైనే తప్పని అరిచాడు. శిల్పి రాత్రి బస్సెక్కి పొద్దునకల్లా దిగాడు. నిచ్చెన ఎక్కి ఒక కీలు మూత విప్పాడు. లోపల ఇత్తడి కట్టు చుట్టూ బెల్లప్పాకం ముదిరినట్టు ఎర్రటి బంక, దాంట్లో మట్టి, చచ్చిన చీమలు. వేలితో తీసి వాసన చూశాడు. మళ్ళీ చూశాడు.

“ఇది పల్లీ నూనె కదండీ” అన్నాడు, నమ్మలేనట్టు.

కింద నేను ఉన్నాను. రిజిస్టర్‌లో నా అక్షరాలు కళ్ళ ముందు నిలబడ్డాయి.

ఈఈ సార్‌కు ఇంక ఆధారం అక్కర్లేదు. నూనె పోసేది ఎవరు? తోటమాలి. ఆ సాయంత్రమే నన్ను పిలిచి కాంట్రాక్టర్‌కు ఉత్తరం టైప్ చెయ్యమన్నాడు. నిర్లక్ష్యం వల్ల ఆస్తి పాడుచేసిన ఈ పనివాడు వచ్చే నెల నుంచి మాకు వద్దు అని. రేపు రిజిస్ట్రార్ గారి గదిలో విచారణ, అది కాగానే సంతకం. నేను టైప్ చేశాను. వేళ్ళు అవే కొట్టాయి. ఆ పని పోతే ఆ కార్డు పోతుందని, కార్డు పోతే ఆమె మందులు పోతాయని ఆ గదిలో నాకు ఒక్కదానికే తెలుసు.

ఇప్పుడు రాయడానికి సిగ్గుగా ఉన్న సంగతి రాస్తున్నాను. సెక్షన్‌లో అంతా ఇళ్ళకు పోయాక బీరువాలోంచి రిజిస్టర్ తీశాను. నా ప్రొబేషన్ ఇంకా పూర్తి కాలేదు. ఒక్క తప్పు రాతతో నౌకరి ఎట్లా ఊడుతుందో అదే బీరువాలో ఉన్న ఫైళ్ళు నాకు ఎప్పుడో నేర్పాయి. అదే నీలి పెన్ను తీసుకుని ‘మంచి’కీ ‘నూనె’కూ నడుమ కింద చిన్న గుర్తు పెట్టి, పైన ‘మిషన్’ అని రాశాను. చక్కగా కుదిరింది. రాసేటప్పుడు మర్చిపోయి తర్వాత చేర్చినట్టే ఉంది. మంచి మిషన్ నూనె. రిజిస్టర్ మూసి, తాళం వేసి, ఇంటికి పోయి అన్నం వండాను. నూనె సీసా పట్టుకుంటే చెయ్యి ఆగింది. ఆ రోజు మా ఇంట్లో చారు మెతుకులే.

మర్నాడు పదకొండు గంటలకు రిజిస్ట్రార్ గది. ఆయన, ఈఈ సార్, శిల్పి కూర్చున్నారు. నేను రిజిస్టర్ పట్టుకుని గోడ పక్కన. కాక తెల్ల చొక్కా వేసుకుని వచ్చాడు, చెప్పులు గడప బయట విడిచి. కూర్చోమన్నా కూర్చోలేదు.

“నూనె నువ్వే పోసినవా?” అని రిజిస్ట్రార్ అడిగాడు.

“ఔ సారూ.”

“ఏం నూనె?”

“మంచినూనె సారూ. మా ఇంట్లదే. కల్తీ లేదు, పల్లీలు దగ్గరుండి గానుగ పట్టించినదే.” ఆ మాట చెప్పేటప్పుడు ఆయన గొంతులో ఇంత గర్వం ఉంది. “నెలాఖర్ల మాకు తక్కువవడితె మా ఇంటామె కూరల తగ్గించుకున్నది గాని, దీనికి మాత్రం ఒక్కసారి గూడ తక్కువ చెయ్యలె.”

ఈఈ సార్ తల పట్టుకున్నాడు. “వింటున్నరా సార్? కూరనూనె పోసిండు. నీకు బుద్ధి ఉన్నదా? ఎవరు పొయ్యమన్నరు నిన్ను?”

కాక నా వైపు చూడలేదు. చూస్తాడని నేను భయపడుతున్నాను, చూడలేదు. “రిజిస్టర్ల ఉన్నది సారూ” అన్నాడు.

“ఏమున్నదో సదువు” అన్నాడు ఈఈ సార్.

రిజిస్టర్ తెరిచి కాక ముందు పెట్టాను. ఆయన కళ్ళజోడు పెట్టుకుని, లైను మీద వేలు పెట్టి, పొద్దున పేపర్ చదివే గొంతుతోనే మొదలుపెట్టాడు.

“ఏడు కీళ్ళకూ నెలకొకసారి మంచి...”

వేలు ఆగింది. కళ్ళజోడు తీసి తువ్వాలతో తుడిచి మళ్ళీ పెట్టుకున్నాడు. రిజిస్టర్‌ను కిటికీ వెలుతురు వైపు జరుపుకున్నాడు. అప్పుడు తలెత్తి నన్ను చూశాడు. ఆ చూపులో కోపం లేదు. ఉంటే బాగుండేది. ఒక్కసారి చూసి మళ్ళీ తల దించి, చిన్న గొంతుతో పూర్తి చేశాడు.

“మంచి మిషన్ నూనె పోయాలి.”

కళ్ళజోడు మడిచి జేబులో పెట్టుకున్నాడు. “నేనే సరిగ్గ సదవలేదు సారూ. కండ్లు ఆనుతలేవు ఈ నడుమ. తప్పు నాదే.”

ఆయన కళ్ళకు ఏ రోగమూ లేదు. గుట్ట మీద మేకలు ఎన్ని ఉన్నాయో ఆఫీసు మెట్ల మీద నుంచి చెప్పే మనిషి. ఈఈ సార్ ఉత్తరం రిజిస్ట్రార్ ముందుకు జరిపాడు. రిజిస్ట్రార్ పెన్ను మూత తీశాడు.

“సార్” అన్నాను. నా గొంతు నాకే కొత్తగా వినిపించింది. “గా మాట నిన్న సాయంత్రం నేను రాసిన సార్. మిషన్ అన్నది. అంతకుముందు మంచినూనె అనే ఉండె. రాసింది నేనే, కలిపి రాసింది నేనే. కాక వచ్చి అడిగిండు కూడ, మంచినూనేనా అని. నేను కసురుకున్న. ఆయన తప్పేం లేదు సార్.”

రిజిస్ట్రార్ రిజిస్టర్ తన ముందుకు లాక్కుని ఆ చిన్న గుర్తును చాలాసేపు చూశాడు. ఈఈ సార్ నన్ను చూసిన చూపుకు పేరు లేదు. నాకు ఏడుపొచ్చింది, ఆపుకోలేదు.

శిల్పి కల్పించుకున్నాడు. “మిషన్ నూనె అని నేనే చెప్పి ఉండాల్సిందండీ. మంచి నూనె అన్నాను. పైగా చదవకుండా సంతకం పెట్టాను. మూడు రోజులివ్వండి, ఆ పెద్దాయన్ని నాకివ్వండి. కడిగి తిప్పిస్తాను.”

రిజిస్ట్రార్ ఉత్తరం నాలుగు మడతలు పెట్టి చించి బుట్టలో వేశాడు. నాకు మెమో ఇమ్మన్నాడు. రిజిస్టర్ దిద్దినందుకు, సమాచారం తప్పు రాసినందుకు, రెండు విడివిడిగా. అది టైప్ చేసుకోవడం కూడా నా పనే, మా సెక్షన్‌లో ఇంకెవరికీ తెలుగు టైపింగ్ రాదు. ప్రొబేషన్ ఇంకో ఏడాది సాగింది. ఆ కాగితం ఇప్పటికీ నా సర్వీసు పుస్తకంలో ఉంది.

బయటికి వచ్చాక వరండాలో కాకను పట్టుకున్నాను. కళ్ళు తుడుచుకుంటూనే నా కోపం నేను చూపించాను, ఇంకేం చాతకాదు నాకు.

“నీ మీదెందుకు ఏసుకున్నవ్ కాకా? ఇంట్ల ఆమె సంగతి యాది లేదా నీకు?”

“నీది సర్కారు నౌకరి బిడ్డా. పోతే మల్ల రాదు.” చెప్పుల్లో కాళ్ళు పెట్టుకుంటూ అన్నాడు. “ఇంకోటి, తప్పు నాది గూడ ఉన్నది. రెండో నెలకే చీమలు వట్టినయ్. గీ నూనె గాదేమో అని నాకు అనుమానమొచ్చింది. అడుగుదమని నీ కిటికి దాంక వచ్చిన. మల్లొకసారి వచ్చిన. మల్ల తిరిగి పోయిన.”

“వచ్చినోనివి అడగాలె గద.”

“మొదటిసారి అడిగితెనే గట్లంటివి.”

ఎండ ఎక్కువుంది అన్నంత మామూలుగా అన్నాడు ఆ మాట. నిష్ఠూరం లేదు. నేను ఇన్నాళ్ళుగా గౌరవం అనుకుంటున్నది ఏమిటో నాకు ఆ వరండాలో తెలిసింది. నాకు తెలియకుండా ఇంకెంతమంది నా కిటికీ దాకా వచ్చి తిరిగి పోయారో. “తప్పయింది కాకా” అన్నాను. ఈ మాట మా బాపుకు కూడా ఎప్పుడూ చెప్పలేదు. ఆయన తువ్వాల దులిపి భుజం మీద వేసుకున్నాడు.

“సరే తియ్యి. నడువు, నిచ్చెన తెద్దాం.”

రెండు రోజులు గ్యాసునూనెతో కడిగారు. కాక, శిల్పి కలిసి ఒక్కో కీలు విప్పి, నానబెట్టి, పాత బ్రష్షులతో రుద్ది, గుడ్డతో తుడిచి ఎండలో పెట్టారు. నేను ఆఫీసు అయ్యాక పోయి గుడ్డలు అందించాను. మూడో రోజు మధ్యాహ్నం అన్నీ బిగించారు. మిగిలింది నూనె పోయడం. రెండు రోజులుగా ఎక్కి దిగి కాక మోకాళ్ళు ఉబ్బిపోయాయి. నేను చీర కొంగు నడుముకు దోపుకుని నిచ్చెన ఎక్కాను. శిల్పి వద్దండీ వద్దండీ అంటూనే ఉన్నాడు. కాక నిచ్చెన పట్టుకుని కింద నిలబడ్డాడు. శిల్పి కొత్త డబ్బా తెచ్చాడు, దాని మీద పెద్ద అక్షరాలతో పేరు ఉంది. కాక కూడా ఆ పేరు చూశాడు.

మొదటి కీలు దగ్గర మూత తీశాను. కింది నుంచి కాక అడిగాడు.

“బిడ్డా, గా డబ్బల ఉన్నది మిషన్ నూనేనా?”

నోటి చివరిదాకా వచ్చింది మాట, కనబడుతలేదా అని. మింగాను.

“ఔ కాకా. మిషన్ నూనే.”

రెండో కీలు దగ్గర మళ్ళీ అడిగాడు. ఈసారి తల దించి చూశాను. మొహం మామూలుగానే పెట్టాడు కానీ మీసం కింద కదులుతోంది. “ఔ కాకా” అన్నాను. మూడోదాని దగ్గర అడిగాడు, అది అలిగే చెయ్యి కాబట్టి రెండుసార్లు అడిగాడు. రెండుసార్లూ చెప్పాను. నాలుగోదానికి శిల్పి నవ్వుతూ కూలబడ్డాడు. స్టూడెంట్లు కొందరు చుట్టూ చేరారు, ఏం జరుగుతోందో వాళ్ళకు అర్థం కాలేదు. అయిదు. ఆరు. కింది చేతులు అప్పటికే గాలికి మెల్లగా కదలడం మొదలుపెట్టాయి, నా చీర కుచ్చిళ్ళకు తగులుతూ.

ఏడో కీలు అన్నిటికన్నా పైన ఉంది. మూత తీసి, డబ్బా వంచబోయాను. కింది నుంచి ఏ మాటా రాలేదు. గాలి చప్పుడులో నాకు వినబడలేదేమో అని ఆగాను. కాక రెండు చేతులతో నిచ్చెన పట్టుకుని, ఇంక చాల్లే బిడ్డను ఆటపట్టించింది అన్నట్టు ఎటో చూస్తున్నాడు.

డబ్బా నిటారుగా పట్టుకుని అట్లాగే నిలబడ్డాను.

“అడుగు కాకా” అన్నాను.

ఆయన తల పైకెత్తాడు. ఎండకు కళ్ళు చికిలించుకుని కాసేపు నన్నే చూశాడు. తర్వాత అడిగాడు.

నేను చెప్పాను.